కనెలోని కుదరాలంటే: పూర్ణం పొడిగా, సాస్ జారుగా

ప్రశ్న: మాది విశాఖపట్నంలోని ఎం.వి.పి. కాలనీ. వచ్చే నెలలో మా అత్తగారు, మామగారి 40వ పెళ్లిరోజు వస్తోంది. హైదరాబాదు నుంచి మా ఆడపడుచు కుటుంబం, గాజువాక నుంచి మా మరిది కుటుంబం వస్తున్నారు. పెద్దలం ఎనిమిది మందిమి, పిల్లలు ముగ్గురు. పిల్లలు ఎంతో కాలంగా అడుగుతున్నారని ఆ రాత్రి భోజనానికి కనెలోని, అంటే లోపల కూరిన పాస్తా గొట్టాలను ఓటీజీలో (ఓవెన్, టోస్టర్, గ్రిల్ కలిసిన కరెంటు పొయ్యిలో) బేక్ చేయాలని అనుకుంటున్నాను. కిందటి నెల ఒకసారి పాలకూర, పనీరు పెట్టి ప్రయత్నించాను. గొట్టాలను ముందుగా ఉడికిస్తే సగం చిరిగిపోయాయి. మిగిలినవాటిని ఉడికించకుండానే వాడాను. కూరినది కారిపోయి ట్రే అడుగున పచ్చటి నీరు చేరింది, పైభాగం మాత్రం అప్పడంలా గట్టిపడింది. అత్తగారు, మామగారు గుడ్డు కూడా ముట్టరు. మరిదికి రొయ్యలు లేనిదే విందు కాదు. నా ఓటీజీ 30 లీటర్లది. ఈసారి తప్పు జరగకుండా, అందరికీ వేడిగా వడ్డించేలా ఎలా చేయాలో వివరంగా చెప్పగలరు.
— ఒక పాఠకురాలు

సమాధానం: గొట్టాలు చిరగడం, అడుగున నీరు చేరడం, పైభాగం ఎండిపోవడం వేర్వేరు లోపాలుగా కనిపిస్తున్నా వాటన్నిటికీ మూలం ఒక్కటే. ఈ వంటకంలో నీరు ఉండవలసిన చోట లేకుండా పోయింది, ఉండకూడని చోట చేరింది. ఎండిన పాస్తా మెత్తబడాలంటే అది తన బరువుకు సమానంగానో, అంతకన్నా కొంచెం ఎక్కువగానో నీటిని పీల్చుకోవాలి. మామూలు పాస్తాకు ఆ నీరు ఉడికే గిన్నెలో దొరుకుతుంది. కనెలోనికి మాత్రం చుట్టూ పోసిన సాసే ఆ నీరు. మీ ట్రేలో పట్టే 18 గొట్టాల బరువు సుమారు 200 గ్రాములు ఉంటుంది కాబట్టి అవి దాదాపు పావు లీటరు తడిని సాసులోంచి లాక్కుంటాయి. చిక్కటి సాసును పైపైన పూస్తే ఆ తడి వాటికి ఎక్కడి నుంచీ రాదు, వచ్చినది కూడా ఓటీజీ వేడికి ఆవిరై పోతుంది. అందువల్లనే పైభాగం అప్పడమైంది. లోపలి పాలకూర మాత్రం తన నీటిని వదిలి, అది గొట్టం చివరల నుంచి కారి అడుగున చేరింది.

మీరు బూరెలు వండిన వారే అయి ఉంటారు. పూర్ణం జారుగా ఉంటే నూనెలో వేయగానే బూరె పగులుతుందని, శనగపప్పు ఉడికిన నీటిని పూర్తిగా వార్చి, బెల్లం కలిపాక ముద్ద కట్టేదాకా దగ్గరపడనిచ్చి ఆ తరువాతే ఉండలు చేస్తామని మీకు తెలియనిది కాదు. కనెలోనిలో కూరేదాన్ని కూడా అలాంటి పూర్ణంగానే భావించండి. వేళ్ల మధ్య ఒత్తితే ముద్ద కట్టాలి గాని తడి అంటకూడదు. సాసు విషయంలో దీనికి సరిగ్గా ఎదురుగా వెళ్లాలి. అది మజ్జిగపులుసులా గరిటెజారుగా ఉండాలి. పోసేటప్పుడు ఇంత పలుచనా అని మీకే అనుమానం రావాలి. ఈ రెండింటినీ పట్టుకుంటే మిగిలినవన్నీ చిన్న విషయాలే.

ముందుగా గొట్టాల సంగతి. కనెలోని అనే ఇటాలియన్ మాటకు పెద్ద రెల్లు గొట్టాలని అర్థం. మీరు తెచ్చిన పెట్టె మీద, ఉడికించకుండా నేరుగా కూరవచ్చని రాసి ఉందేమో చూడండి. ఇప్పుడు దొరికే ఎండు కనెలోనిలో ఎక్కువ భాగం అటువంటివే. వాటిని ముందుగా ఉడికిస్తే చిరగక మానవు, ఎందుకంటే మెత్తబడిన గొట్టం తన బరువును తానే మోయలేదు, ఇక కూరేటప్పుడు వేలి ఒత్తిడిని ఏం తట్టుకుంటుంది? పెట్టె వెనుక ఉన్న పదార్థాల వివరాన్ని చదవడం మీకు మరింత ముఖ్యం. ఎండు పాస్తాను డ్యూరమ్ అనే గట్టి రకం గోధుమ రవ్వతోనే చేయాలని ఇటలీలో 1967లో చట్టం చేశారు. అయినా గుడ్డు కలిపిన రకాలకు అక్కడా అనుమతి ఉంది, కనెలోని, లజానియా (పలకల్లా ఉండే పాస్తా) పెట్టెల్లో అవి తరచుగానే కనిపిస్తాయి. మన దేశంలో గుడ్డు ఉన్న పదార్థానికి మాంసాహారపు గుర్తు వేయాలన్నది నియమం కాబట్టి ఆకుపచ్చ చుక్క ఉన్న పెట్టెనే ఎంచుకుంటే మీ అత్తగారి విషయంలో నిశ్చింతగా ఉండవచ్చు.

చీజ్ ఉన్న చోట కూడా ఇదే జాగ్రత్త అవసరం. విదేశీ వంటల పుస్తకాలన్నీ పైన పార్మెజాన్ చీజ్ తురుము చల్లమంటాయి. అసలైన పార్మెజాన్‌ను, అంటే ఇటలీ వారి పార్మిజానో రెజ్జానోను, పాలు విరగడానికి దూడ పొట్ట నుంచి తీసే రెన్నెట్ వాడే తయారు చేస్తారు. అది శాకాహారం కాదు. గుడ్డు కూడా ముట్టని పెద్దలకు తెలియకుండా దానిని పెట్టడం నా దృష్టిలో సరికాదు. మన డెయిరీల మొజరెల్లా, మామూలు చీజ్ మీద ఆకుపచ్చ చుక్క చూసి తీసుకుంటే చాలు, రుచికి లోటేమీ రాదు.

గొట్టాలు దొరక్కపోతే కంగారుపడవద్దు. లజానియా పలకలను వెడల్పాటి పళ్లెంలో మరిగిన నీరు పోసి, నీటిలో ఒక చెంచా నూనె వేసి, ఒక్కొక్కటిగా ఐదారు నిమిషాలు నాననివ్వండి. వంచితే విరగకుండా వంగే స్థితికి రాగానే తీసి పొడి గుడ్డ మీద పరచి, పూర్ణాన్ని ఒక అంచున వేసి చాపలా చుట్టేయవచ్చు. నిజానికి కూరడం కన్నా చుట్టడమే సులువు. ఇంట్లోనే చేసుకోవాలంటే మైదా 200 గ్రాములు, చిరోటి రవ్వ 200 గ్రాములు కలిపి, సుమారు 200 మిల్లీలీటర్ల గోరువెచ్చని నీటితో గట్టిగా పిసికి, తడి గుడ్డ కప్పి అరగంట ఉంచి, పుల్కా కన్నా పలుచగా ఒత్తి, ఉప్పు వేసిన మరిగే నీటిలో ఒకటి రెండు నిమిషాలు ఉడికించి వాడుకోవచ్చు. విశాఖ గాలిలో తేమ ఎక్కువ కాబట్టి ఇంట్లో ఒత్తిన పలకలను ఆరబెట్టి దాచుకోవాలని చూడవద్దు. అవి ఆరేలోపు ఒకదానికొకటి అంటుకుంటాయి. ఏ రోజుకు ఆ రోజే ఒత్తుకోవాలి.

ఇక పూర్ణం. మీ అత్తగారి ట్రేకు, అంటే 18 గొట్టాలకు, సుమారు 650 గ్రాముల పూర్ణం కావాలి. ఒక్కో గొట్టంలో 35 గ్రాముల దాకా పడుతుంది. దీనికి పాలకూర ముప్పావు కిలో, పనీరు 300 గ్రాములు, తురిమిన చీజ్ 60 గ్రాములు, కూడగట్టడానికి మూడు నాలుగు చెంచాల చిక్కటి వైట్ సాస్ (వెన్న, మైదా, పాలతో కాచేది, తయారీ కింద చెప్పాను) సరిపోతాయి. పాలకూరను మీ కాలనీ రైతు బజారులో ఆ ఉదయమే తెచ్చుకోండి. మధ్యాహ్నం దాకా ఎండలో ఉన్న ఆకు వాడి, కాడల్లో పీచు తేలుతుంది. బాగా కడిగి, నీరు పోయకుండా, కడిగిన తడితోనే మూకుడులో మూడు నాలుగు నిమిషాలు మగ్గించి, పళ్లెంలో పరచి చల్లారనివ్వాలి. ఆ తరువాత చేసే పనే ఈ వంటకం మొత్తంలో అతి ముఖ్యమైనది. ఒక్కో పిడికెడు ఆకును తీసుకుని, అరచేతుల మధ్య గట్టిగా పిండి, దానిని సన్నగా తరిగి, తరిగినదాన్ని పలుచటి నూలు గుడ్డలో మూటకట్టి మరొకసారి మెలిపెట్టి పిండాలి. మొదటిసారి పిండినప్పుడు ఇంకేమీ రాదనిపిస్తుంది, తరిగాక పిండితే అర గ్లాసు నీరు మళ్లీ వస్తుంది. మీ ట్రే అడుగున చేరినది ఆ నీరే. పిండేదాకా ఆకులో ఉప్పు వేయకండి. పూర్ణంలో కలిపే ఉప్పు కూడా కూరే ముందే వేసుకోండి, ముందుగా వేసి ఉంచితే అది మళ్లీ నీటిని లాగుతుంది.

పనీరు బదులు ఇటలీలో రికోటా వాడతారు. అది చీజ్ చేయగా మిగిలిన తేటను మరల కాచి తీసే పదార్థం, ఆ పేరుకు అర్థమే రెండోసారి కాచినదని. మనకు అది సులువుగా దొరకదు, దొరికినా ఖరీదు ఎక్కువ. ఇంట్లో చేసిన మెత్తటి పనీరు దానికి ఏ విధంగానూ తీసిపోదన్నది నా అనుభవం. ఒకటిన్నర లీటరు ఫుల్ క్రీమ్ పాలను మరిగించి, మంట తీసేసి, రెండు నిమిషాలు ఆగి, నీళ్లు కలిపిన నిమ్మరసాన్ని కొద్దికొద్దిగా పోస్తే విరుగుతాయి. గుడ్డలో వడకట్టి, చల్లటి నీటితో ఒకసారి కడిగి పులుపు పోగొట్టి, బరువు పెట్టకుండా గంటసేపు వేలాడదీయండి. సుమారు 300 గ్రాములు వస్తుంది. దానిని అరచేతి మడమతో రసగుల్లాల పిండిలా నాలుగైదు నిమిషాలు మెదిపితే పలుకు లేకుండా మెత్తని ముద్ద అవుతుంది. కొన్న పనీరు అయితే ముక్కలు చేసి పది నిమిషాలు వేడి నీటిలో ఉంచి, పిండి, అదే విధంగా మెదపాలి. తురిమి అలాగే వాడితే తినేటప్పుడు రబ్బరు పలుకుల్లా తగులుతుంది. పనీరుకు ఇంకొక మంచి గుణం ఉంది. నిమ్మరసంతో విరిగిన పాల ముద్ద ఎంత వేడికీ కరగదు కాబట్టి గొట్టం లోపల అది తన చోట తాను నిలుస్తుంది. గుడ్డు వేసి కూడగట్టమని విదేశీ వంటకాల్లో రాసేది రికోటా జారిపోకుండా ఉండడానికే గనుక మీకు ఆ అవసరమే లేదు.

మసాలా విషయంలో నా మాట కొంచెం గట్టిగా చెబుతాను. గరం మసాలా, ధనియాల పొడి, టమాటా కెచప్ ఈ మూడూ ఇందులో వద్దు. అవి పడితే పాలకూర, పాలు, టమాటాల రుచి మునిగిపోయి, గొట్టంలో పెట్టిన పాలక్ పనీరు కూర మాత్రమే మిగులుతుంది. అలాగని చప్పగా తినమని నేను అనడం లేదు. దక్షిణ ఇటలీలోని కలాబ్రియా ప్రాంతపు వంటల్లో ఎండుమిరపకాయ ధారాళంగా పడుతుంది. వెల్లుల్లిని, మిరపకాయను నూనెలో వేయించి సాసుకు మొదలుపెట్టడం మన తాలింపుకు దూరపు చుట్టరికమే. పూర్ణంలో కొద్దిగా జాజికాయ గీరి వేయండి, కొత్తగా దంచిన మిరియాలు ఒక చెంచా వేయండి. అరకు కొండల్లో కాఫీ తోటల నీడ చెట్లకు పాకించి పండించే మిరియాలు మన ఊళ్లో సులువుగానే దొరుకుతాయి, వాటి ఘాటు ఈ పాల రుచికి ఎంతో బాగా కుదురుతుంది. పులుపు మీద ఇష్టంతో పాలకూర బదులు గోంగూర వేయాలని ఎవరైనా సలహా ఇస్తే మాత్రం వినకండి. సాసులో టమాటా పులుపు ఉండగా లోపల గోంగూర పులుపు కూడా చేరితే పాల రుచి నిలవదు.

సాసులు రెండు. టమాటా సాసుకు కండ ఎక్కువగా, పులుపు తక్కువగా ఉండే బెంగళూరు టమాటాలు ఒకటిన్నర కిలో తీసుకోండి. నాటు టమాటాలు చారుకు ఎంత బాగుంటాయో దీనికి అంతగా నప్పవు. గాటు పెట్టి వేడి నీటిలో నిమిషం ఉంచి తొక్క తీసి, మెత్తగా రుబ్బుకోవాలి. మూడు చెంచాల నూనెలో నాలుగైదు వెల్లుల్లి రేకులు, రెండు ఎండుమిరపకాయలు మాడకుండా వేయించి, రుబ్బిన టమాటా, ఉప్పు, అర చెంచా పంచదార వేసి సన్న మంట మీద పాతిక నిమిషాలు ఉడికించండి. పచ్చి వాసన పోయాక ఒక లీటరు కొలతకు తగ్గితే నీళ్లు చేర్చి మరీ లీటరుకు తీసుకురండి. వైట్ సాసుకు వెన్న 60 గ్రాములు, మైదా 60 గ్రాములు, పాలు 900 మిల్లీలీటర్లు. వెన్నలో మైదాను రంగు మారకుండా రెండు నిమిషాలు వేయించి, సగం పాలను కొద్దికొద్దిగా పోస్తూ కలిపితే చిక్కటి ముద్దలాంటి సాసు వస్తుంది. ఈ దశలో ఒక చిన్న కప్పెడు తీసి పక్కన పెట్టండి, రెండు రకాల పూర్ణాలనూ కూడగట్టేది అదే. మిగిలినదానిలో తక్కిన పాలు పోసి ఒక పొంగు రానిస్తే గరిటెజారు సాసు సిద్ధమవుతుంది. చల్లారితే ఇంకా చిక్కబడుతుంది కాబట్టి ట్రేలో పోసే ముందు మళ్లీ చూసుకుని, అవసరమైతే పాలతో పలుచన చేయండి.

కూరడానికి ఖాళీ పాల ప్యాకెట్టును శుభ్రంగా కడిగి ఆరబెట్టి, అందులో పూర్ణాన్ని నింపి, ఒక మూలను వేలి లావున కత్తిరించి గోరింటాకు కోన్ లాగా ఒత్తండి. గొట్టాన్ని పళ్లెంలో నిలబెట్టి సగం దాకా ఒక వైపు నుంచి, తరువాత తిరగేసి మిగిలిన సగం రెండో వైపు నుంచి నింపితే మధ్యలో గాలి చిక్కుకోదు. మరీ దట్టించవద్దు. గొట్టం నీరు పీల్చి ఉబ్బినప్పుడు లోపలిదానికి కాస్త చోటు కావాలి, లేకపోతే నిలువునా చీలుతుంది. సుమారు 30 సెంటీమీటర్ల పొడవు, 20 సెంటీమీటర్ల వెడల్పు ఉన్న గాజు లేదా పింగాణీ ట్రే అడుగున టమాటా సాసు సగం పోసి, గొట్టాలను రెండు వరుసలుగా, ఒకదానికొకటి తగిలీ తగలకుండా పేర్చి, మిగిలిన టమాటా సాసు, ఆపైన వైట్ సాసు పోయాలి. మొత్తం మీద ఈ ట్రేకు టమాటా సాసు 600, వైట్ సాసు 500 మిల్లీలీటర్లు పడతాయి. ఏ గొట్టం వీపూ, ఏ చివరా సాసు పైకి తేలి కనిపించకూడదు. కనిపించిన మేరకు అది ఎండుతుంది. పైన బేకింగ్ పేపరు, దాని మీద ఫాయిలు వేసి అంచులు బిగించండి. టమాటా పులుపు అల్యూమినియాన్ని తింటుంది కాబట్టి ఫాయిలు నేరుగా సాసుకు తగలకూడదు. అదే కారణం చేత అల్యూమినియం ట్రే కూడా వద్దు.

మీ మరిదిగారి రొయ్యలకు వేరే చిన్న ట్రే, వేరే గరిటె, వేరే కోన్ పెట్టుకోండి. 12 గొట్టాలకు పొట్టుతో అర కిలో రొయ్యలు తెచ్చుకుంటే, ఒలిచి నల్ల నరం తీశాక దాదాపు సగం మిగులుతుంది. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా తూర్పు తీరంలో మరపడవల వేట నిషేధం ఉంటుంది. మీ విందు ఆ రోజుల్లో పడితే చెరువు రొయ్యలే తీసుకోండి, ఈ వంటకంలో తేడా పెద్దగా తెలియదు. రొయ్యలను చిన్న ముక్కలు చేసి, వెన్నలో వేయించిన ఉల్లిపాయ ముక్కల్లో ఒక్క నిమిషం, రంగు మారేదాకా మాత్రమే తిప్పి వెంటనే జల్లెడలో వేసి నీరు వార్చండి. ఓటీజీలో అవి ఎలాగూ ఉడుకుతాయి, ఇక్కడే పూర్తిగా ఉడికిస్తే అక్కడ బిరుసెక్కుతాయి. చిక్కటి వైట్ సాసు, కొద్దిగా పనీరు, మిరియాలు కలిపి నింపండి. పైన చీజ్ బహు తక్కువగా చాలు.

ఓటీజీని 180 డిగ్రీల దగ్గర, పైనా కిందా రెండు కడ్డీలూ వెలిగేలా పెట్టి, పావుగంట ముందే వేడెక్కనివ్వాలి. ట్రే చుట్టూ రెండు వేళ్ల మందాన ఖాళీ ఉంటేనే వేడి గాలి తిరుగుతుంది. అందుకని రెండు ట్రేలనూ ఒకేసారి ఇరికించాలని చూడకండి. శాకాహారపు ట్రే ముందు వెళ్లాలి. మీ అత్తగారి మనసుకూ అదే హాయి. రాత్రి ఎనిమిదిన్నరకు వడ్డన అనుకుంటే ఆరూ నలభైకి దానిని మధ్య అరలో పెట్టి, కప్పి ఉంచి 40 నిమిషాలు బేక్ చేయండి. ఆపైన సన్నటి కత్తి మొనను ఒక గొట్టంలోకి గుచ్చి చూస్తే అడ్డు లేకుండా దిగాలి. దిగకపోతే అంచుల వెంట పావు కప్పు వేడి పాలు పోసి, మళ్లీ కప్పి ఎనిమిది నిమిషాలు పెట్టండి. మెత్తబడ్డాక ఫాయిలు తీసి, 150 గ్రాముల మొజరెల్లా తురుము చల్లి, 200 డిగ్రీల దగ్గర పై కడ్డీ మాత్రమే వెలిగించి పది పన్నెండు నిమిషాలు ఎర్రబడనివ్వండి. ఏడున్నరకల్లా అది బయటికి వస్తుంది. పైన కొత్త ఫాయిలు కప్పి, రెండు మందపాటి తువ్వాళ్లు చుట్టి ఉంచితే నలభై యాభై నిమిషాల తరువాత కూడా వేడిగానే ఉంటుంది. ఈ లోపు చిన్న ట్రే లోపలికి వెళ్లి, 35 నిమిషాలు కప్పి, పది నిమిషాలు తెరిచి బేక్ అయ్యి, ఎనిమిదీ ఇరవైకి వస్తుంది. దానిని కూడా పది నిమిషాలు కదపకుండా ఉంచాకే వడ్డించాలి. పొయ్యి దిగిన వెంటనే సాసు నీళ్లలా ఉంటుంది, ఆగితే దగ్గరపడి గొట్టం చెదరకుండా గరిటె మీదికి వస్తుంది.

ముందు రోజే ఏమేం చేసుకోవచ్చో మీరు అడగలేదు గాని, ఇంటి నిండా బంధువులు ఉండగా అది తెలియకపోతే కష్టం. రెండు సాసులూ, పనీరూ ముందు రోజు రాత్రే చేసి ఫ్రిజ్‌లో పెట్టుకోవచ్చు. పాలకూర పని ఉదయం, కూరడం మధ్యాహ్నం. కూరిన గొట్టాలను సాసు పోయకుండా మూత పెట్టి ఫ్రిజ్‌లోనే ఉంచాలి, రొయ్యలవి అయితే మన ఉక్కలో బయట అసలు ఉంచకూడదు. సాసులను వేడి చేసి, ఓటీజీలో పెట్టే ముందే పోయండి. గాజు ట్రేను ఫ్రిజ్ నుంచి తీసిన వెంటనే వేడి సాసు పోయడం గాని, వేడి ఓటీజీలోకి తోయడం గాని చేస్తే పగిలే ప్రమాదం ఉంది. అందుకని కూరిన గొట్టాలను వేరే పళ్లెంలో దాచి, గది వేడిలో ఉన్న ట్రేలో పేర్చుకోవడం మేలు. సాయంత్రం కరెంటు పోతే బెంగ వద్దు. వెడల్పాటి మందపాటి గిన్నెలో అదే క్రమంలో పేర్చి, బిగుతైన మూత పెట్టి, కింద పెనం వేసి, సన్న సెగ మీద అరగంట ఉంచితే పాస్తా చక్కగా మగ్గుతుంది. పైన ఎర్రబడడం ఒక్కటే ఉండదు.

మామగారి వయసు వారికి అన్నం లేకుండా రాత్రి భోజనం ముగిసినట్టు అనిపించదు. పెద్దలకు మూడేసి, పిల్లలకు రెండేసి గొట్టాల లెక్కన మీకు 30 సరిగ్గా సరిపోయినా, ఒక చిన్న గిన్నెడు పెరుగన్నం, మాగాయ సిద్ధంగా ఉంచండి. నిమ్మకాయ పిండిన కీరదోస ముక్కలు పక్కన చాలు. మరో వేపుడో, మరో మసాలా కూరో పెట్టనవసరం లేదు.

చివరిగా ఒక పని చేయండి. విందుకు ముందు ఒక ఆదివారం, ఆరే ఆరు గొట్టాలతో చిన్న ట్రేలో శాకాహారపుది ఒకసారి వండి చూడండి. ఏ ఓటీజీ మీటా చెప్పిన వేడినే ఇస్తుందన్న నమ్మకం లేదు. మీది 180 దగ్గర నిజంగా ఎంత కాస్తుందో, 40 నిమిషాలు చాలుతాయో 50 కావాలో ఆ ఆరు గొట్టాలే చెబుతాయి, ఆ సమయాన్ని కాగితం మీద రాసి పెట్టుకోండి. అందులో మొదటి రెండూ మీ అత్తగారికి వడ్డించి, ఉప్పూ మిరియాలూ ఎలా ఉన్నాయో అడిగి, పెళ్లిరోజు పూర్ణాన్ని ఆవిడ చెప్పిన పాళ్లలోనే కలపండి.